తమను తాము చిత్రీకరించుకునేవాళ్లకు బోలెక్స్ హెచ్16 రిఫ్లెక్స్: ఏమిస్తుంది, ఎక్కడ ముంచుతుంది

ఒకే మనిషి ఒకే ఫ్రేములో ఇద్దరుగా కూర్చోవాలి. లేదా ఒక ముఖం మెల్లగా ఇంకో ముఖంలోకి కరిగిపోవాలి, రెండూ తనవే. తన రూపాన్నే ముడిసరుకుగా పెట్టుకుని ప్రయోగ చిత్రాలు తీసేవాళ్లు తిరిగి తిరిగి వచ్చేది ఇక్కడికే. ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్‌లో ఇది పది నిమిషాల పని. అయినా కెమెరాలోనే, ఫిల్ము మీదే చేస్తామనే మొండివాళ్లు ఇంకా ఉన్నారు. వాళ్లలో చాలామంది చేతికి చివరికి వచ్చేది బోలెక్స్ హెచ్16 రిఫ్లెక్స్ అనే 16 ఎం.ఎం. ఫిల్ము కెమెరా. ఈ సమీక్ష ఆ ఒక్క పనిని దృష్టిలో పెట్టుకుని రాసింది. ఇంటర్వ్యూలకు పనికొస్తుందా అంటే రాదు. కుట్టుమిషన్‌లా చప్పుడు చేస్తుంది, వేగం కూడా ధ్వనితో సరిగ్గా కలిసేంత కచ్చితంగా ఉండదు. ఆ సంగతి అంతే.

స్విట్జర్లాండ్‌లోని సెంట్-క్రువాలో పయార్ సంస్థ హెచ్16ను 1935లో తెచ్చింది. లెన్సులోంచే చూసే రిఫ్లెక్స్ నమూనా 1956లో వచ్చింది. ఈ తరహా పనికి పెద్దదిక్కు అనదగిన ప్రయోగ చిత్రాల దర్శకురాలు మాయా డెరెన్ వాడింది రిఫ్లెక్స్ కాదు, దానికి ముందుతరం బోలెక్స్. ఎలియనోరా అనే పేరుతో పుట్టిన ఆమె 1943లో మాయా అయ్యారు. ఆ మాటకు అర్థమేమిటో తెలుగువాళ్లకు వేరే చెప్పక్కర్లేదు. అదే ఏడాది అలెగ్జాండర్ హామిడ్‌తో కలిసి తీసిన ‘మెషెస్ ఆఫ్ ది ఆఫ్టర్‌నూన్’లో ఒకే బల్ల చుట్టూ ముగ్గురు మాయలు కూర్చుంటారు. లెన్సు చూసేది ఒకటి, పక్కనున్న వ్యూఫైండర్ చూపించేది ఇంకొకటి అయిన కెమెరాతో ఆ పని జరిగిందంటే, రిఫ్లెక్స్ చేతిలో ఉండి ఫ్రేము కుదరలేదనేవాళ్లు కాస్త ఆలోచించుకోవాలి.

ముందు లెక్కలు. ఈ కెమెరాతో ఏ ఊహ అయినా చివరికి ఫ్రేముల లెక్కలోకి దిగాల్సిందే. 16 ఎం.ఎం. ఫిల్ములో అడుగుకి 40 ఫ్రేములు. 100 అడుగుల చుట్టలో 4000. సెకనుకు 24 చొప్పున అది 2 నిమిషాల 46 సెకన్లు. బ్యాటరీ లేదు, స్ప్రింగే. నిండా కీ ఇస్తే 24 ఫ్రేముల వేగంలో సుమారు 28 సెకన్లు నడిచి ఆగుతుంది. వేగాన్ని 12 నుంచి 64 దాకా మార్చుకోవచ్చు. ఒంటరిగా పనిచేసేవాళ్లకు ఈ 28 సెకన్లే అసలు కట్టడి. పక్కనున్న మీటను నడిచే స్థితిలో లాక్ చేసి, కెమెరా ముందుకొచ్చి, నేల మీది గుర్తుపై నిలబడేసరికి ఏడు సెకన్లు పోతాయి. అంటే 168 ఫ్రేములు, నాలుగడుగుల పైచిలుకు ఫిల్ము. మిగిలిన ఇరవై సెకన్లలోనే ఏం మారినా మారాలి.

నడిచి వచ్చే ఆ ఏడు సెకన్లు ఫిల్ము మీద పడకుండా చేసే చిట్కా ఒకటుంది. గదిని పూర్తిగా చీకటి చేసి, దీపాల స్విచ్చు చేతిలో పట్టుకుని చీకట్లోనే గుర్తు మీదికి వెళ్లి అప్పుడు వెలిగించాలి. వెలుగు లేనంతసేపూ ఫిల్ము నడుస్తుందే తప్ప దాని మీద ఏమీ పడదు. డబుల్ ఎక్స్‌పోజరుకు, అంటే ఒకే ఫిల్ము ముక్క మీద రెండుసార్లు తీయడానికి, ఇది తప్పనిసరి. లేకపోతే రెండోసారి మీరు నడిచొచ్చే తీరు మొదటిసారి కూర్చున్న మిమ్మల్ని కోసుకుంటూ దయ్యంలా దాటుతుంది. దీపం వెలిగిన మొదటి ఒకటి రెండు ఫ్రేముల్లో వెలుగు మసగ్గా ఉంటుంది. ఎడిటింగులో అవి కోసేయండి.

ఇక ఈ కెమెరాను మిగతావాటి నుంచి వేరుచేసే గుణం: ఫిల్మును ఎంత దూరమైనా వెనక్కి తిప్పొచ్చు. ఒక్కో ఫ్రేమునూ లెక్కపెట్టే కౌంటరు వెనక్కి తిప్పేటప్పుడు కూడా వెనక్కే లెక్కిస్తుంది. పద్ధతి ఇది. షాటు అయ్యాక షట్టర్ మీటను పూర్తిగా మూయాలి. మోటారు మీటను సున్నాకి తిప్పి స్ప్రింగును విడదీయాలి. వెనక్కి తిప్పే హ్యాండిల్‌ను ఎనిమిది ఫ్రేముల ఇరుసుకు తగిలించి, పక్క మీటను నడిచే స్థితిలో పెట్టి తిప్పాలి. ఒక చుట్టుకి 8 ఫ్రేములు. 48 ఫ్రేములకు ఆరు చుట్లు. పన్నెండు సెకన్ల షాటుకు, అంటే 288 ఫ్రేములకు, 36 చుట్లు. చుట్టంతా వెనక్కి తెస్తానంటే 500 చుట్లు, ఆ తర్వాత భుజం మీది, మీ ఇష్టం.

ఇక్కడ రెండు పొరపాట్లు జరుగుతుంటాయి. మొదటిది, కావలసిన అంకె దగ్గర సరిగ్గా ఆపేయడం. పళ్లచక్రాల్లో కాస్త ఆట ఉంటుంది కాబట్టి వెనక్కి వచ్చి ఆగిన ఫ్రేము, ముందుకు నడిచినప్పటి ఫ్రేము ఒకచోట కూర్చోకపోవచ్చు. ఒక ఎనిమిది ఫ్రేములు ఎక్కువగా వెనక్కి వెళ్లి, షట్టర్ మూసే ఉంచి, ముందుకు తిప్పుతూ ఆ అంకెకు రావాలి. రెండోది, పక్క మీటను ఆపకుండానే మోటారును తిరిగి కలపడం. కలిపిన క్షణంలోనే కెమెరా పరుగెత్తుతుంది, అంకె పోతుంది. ముందు మీట ఆపాలి, తర్వాత హ్యాండిల్ తీయాలి, ఆ తర్వాతే మోటారు కలపాలి. ఈ వరుసను ఒక చీటీ మీద రాసి కెమెరా పక్కన అంటించుకోవడంలో నామోషీ ఏమీ లేదు.

వెనక్కి తిప్పడం చేత్తోనే జరుగుతుంది కాబట్టి స్ప్రింగులోని కీ అలాగే ఉంటుంది. ఇది చిన్న విషయంగా కనిపిస్తుంది గానీ చాలా పెద్దది. రెండు పాసుల మధ్య, అంటే అదే ఫిల్ము మీద తీసే రెండు విడతల మధ్య, మళ్లీ కీ ఇవ్వాల్సి వస్తే ఆ బలానికి ట్రైపాడ్ తల వెంట్రుకవాసి జరుగుతుంది. తెర మీద అది వెంట్రుకవాసిగా కనిపించదు. అందుకే పన్నెండు సెకన్లకు మించకుండా రెండు పాసులు ప్లాన్ చేస్తే 24 సెకన్లలో అయిపోతుంది, ఒక్కసారి ఇచ్చిన కీ సరిపోతుంది. ట్రైపాడ్‌కు ఇసుక సంచి వేలాడదీయండి. హ్యాండిల్ తిప్పేటప్పుడు ఎడమ చేత్తో కెమెరా ఒంటిని పట్టి ఆపండి. అడుగు గుండ్రంగా ఉండే పాత నమూనాలు ఈ విషయంలో నమ్మదగినవి కావు. వెడల్పాటి చదును అడుగుతో వచ్చిన తర్వాతి రిఫ్లెక్స్ నమూనాలు రెక్స్-4, రెక్స్-5 నయం.

ఎక్స్‌పోజరు సంగతి. రెక్స్-4, రెక్స్-5లలో తిరిగే షట్టర్ పళ్లెం తెరుచుకునే కోణం 130 డిగ్రీలు. 24 ఫ్రేముల దగ్గర అసలు షట్టర్ సమయం సుమారు 1/65. కానీ లెన్సు వెనకున్న ప్రిజం వ్యూఫైండరుకు కొంత వెలుగు పంచిపెడుతుంది. ఆ నష్టం కలుపుకుని లైట్ మీటరులో 1/80 పెట్టాలి. మామూలుగా 1/50 అనుకుని తీసేవాళ్లకు ప్రతి షాటూ అర స్టాపు పైనే చీకటిగా వస్తుంది (ఒక స్టాపు తగ్గడమంటే వెలుగు సగమవడం). నెగటివ్ ఫిల్ము ఆ తప్పును కొంత కడుపులో పెట్టుకుంటుంది, ట్రై-ఎక్స్ లాంటి రివర్సల్, అంటే నేరుగా పాజిటివ్ బొమ్మ ఇచ్చే ఫిల్ము, పెట్టుకోదు.

డబుల్ ఎక్స్‌పోజరులో కదలని నేపథ్యం రెండుసార్లు ఫిల్ము మీద పడుతుంది. కాబట్టి ఒక్కో పాసును ఒక స్టాపు తగ్గించి తీయాలి. మూడు పాసులైతే సుమారు ఒకటిన్నర స్టాపుల పైన, నాలుగైతే రెండు. ఇలా తీస్తే గది సరిగ్గా వస్తుంది. ఒక్క పాసులోనే ఉన్న మనిషి మాత్రం పలచగా, వెనకున్న గోడ కనిపించేలా వస్తాడు. మనిషి గట్టిగా కనబడాలంటే నేపథ్యం నల్ల వెల్వెట్ అవ్వాలి. నలుపు ఫిల్మును తాకదు కాబట్టి స్టాపు తగ్గించే పనే లేదు. మామూలు నల్ల గుడ్డ చాలదు. దీపం పక్కగా పడితే బూడిదరంగుగా మెరుస్తుంది, రెండు పాసుల్లో ఆ బూడిద రెట్టింపవుతుంది. వెల్వెట్‌కూ మనిషికీ మధ్య వీలైనంత దూరం ఉంచి, దీపాలు గుడ్డ మీద పడకుండా అడ్డుకట్టలు పెట్టాలి.

ఒకరి ముఖం మీద మరొకటి పొదగాలంటే కళ్లు ఒకేచోట పడాలి. వ్యూఫైండరులో గుర్తు పెట్టుకునే వీల్లేదు, పైగా నటిస్తున్నది మీరే. గడ్డం ఆనించుకోవడానికి ఫ్రేము కింద కనిపించకుండా ఒక స్టాండు, లెన్సు అంచు నుంచి ముక్కు దాకా ఒక దారం. ఇంతకన్నా మంచి పరికరం లేదు. దారం లాగి చూసుకుని, తీసేసి, ఊపిరి బిగబట్టి మొదలుపెట్టాలి.

ద్విపాత్రాభినయం, అంటే ఒకే ఫ్రేములో ఇద్దరూ గట్టిగా కనబడటం, మాస్కు పని. లెన్సు ముందు తగిలించే చట్రమైన మాట్ బాక్సులో ఎడమ సగం మూసి ఒక పాసు, కుడి సగం మూసి ఇంకో పాసు. ఒక్కో సగం ఒక్కసారే వెలుగు చూస్తుంది గనక స్టాపు తగ్గించకూడదు. రెండు మాస్కులూ ఒకే నల్ల అట్టను ఒకే కోతలో కోసి చేసుకోవాలి. విడిగా కోస్తే మధ్యలో అంచులు ఒకదానిమీదొకటి ఎక్కి నల్ల చార వస్తుంది, లేదా సందు మిగిలి తెల్ల చార వస్తుంది. అపర్చర్, అంటే లెన్సులో వెలుగు వచ్చే రంధ్రం, పెద్దదైతే అతుకు మెత్తగా కరిగిపోతుంది, చిన్నదైతే గీత గీసినట్టు కనబడుతుంది. కాబట్టి రెండు పాసుల్లోనూ అపర్చర్ ఒకటే ఉండాలి. లెన్సు వెడల్పయ్యేకొద్దీ మాస్కు అంచు పదునెక్కుతుంది. 10 ఎం.ఎం.తో అతుకు దాచడం కష్టం, 25 ఎం.ఎం.తో సుళువు.

బోలెక్స్‌లో ఫిల్మును లాగేది ఒక పంజా, ఫ్రేమును కదలకుండా పట్టి ఉంచే రిజిస్ట్రేషన్ పిన్ లేదు. ఒంటి పాసులో బొమ్మ నిలకడగానే ఉంటుంది. రెండు పాసులు పక్కపక్కన చేరినప్పుడు మాత్రం ఒకదానికొకటి కొద్దిగా ఊగుతున్నట్టు తెలుస్తుంది. అతుకు తలుపు చట్రం మీదో పుస్తకాల వరుస మీదో పడితే ఆ ఊగులాట బయటపడుతుంది. సాదా గోడ, నీడ, ముడతలు లేని తెర, వీటి మీద అతుకు పెట్టుకోండి. నటించేటప్పుడు ఏ చేయీ గీత దాటకూడదు. దాటిన వేళ్లు మాయమవుతాయి. కావాలని దాటించినా మంచి షాటే అవుతుంది, అది వేరే సంగతి.

కరిగిపోయే మార్పుకు, అంటే డిజాల్వుకు, షట్టర్ మీటే ఆధారం. 48 ఫ్రేముల్లో మెల్లగా మూసి, ఆరు చుట్లు వెనక్కి తిప్పి, వేషం మార్చుకుని వచ్చి, అవే 48 ఫ్రేముల్లో మెల్లగా తెరవాలి. లెన్సు అపర్చర్‌తో ఈ పని ఎందుకు కాదంటే, అది మూసేకొద్దీ ఫోకసు లోతు మారిపోతుంది, పూర్తిగా మూసుకోదు కూడా. షట్టర్ సగం మూస్తే ఒక స్టాపు, పావు మిగిలితే రెండు. మీటను ఒకే వేగంతో తోస్తే చీకటి చివర్లో ఒక్కసారిగా కూలుతుంది. అందుకని మొదట కాస్త వేగంగా, చివర చాలా నెమ్మదిగా తోయాలి. తెరిచేటప్పుడు దీనికి తలకిందులు. మీట దగ్గర ఒకరు ఉండాలి కాబట్టి ఇది ఒంటరిగా జరిగే పని కాదు. ఒంటరిగా తప్పదంటే దీపాలను డిమ్మరుతో తగ్గించి పెంచడమే దారి. అప్పుడు రంగు ఎర్రబారుతుంది, నలుపు తెలుపులో అయితే ఆ బాధ లేదు.

ఇప్పుడు ముంచే చోట్లు. వీటిలో మొదటిది తమను తాము చిత్రీకరించుకునేవాళ్లకే ప్రత్యేకం. రిఫ్లెక్స్ ప్రిజం ఎప్పుడూ వెలుగు దారిలోనే ఉంటుంది. కన్ను ఐపీసుకు ఆనుకుని ఉన్నంతసేపు సమస్య లేదు. మీరు లేచి కెమెరా ముందుకు వెళ్లగానే ఐపీసులోంచి వెలుగు వెనకదారిన వచ్చి ఫిల్ము మీద పడుతుంది. ఐపీసు దగ్గర దాన్ని మూసే చిన్న మీట ఉంటుంది. అది మరిచిపోతే వెనక కిటికీ ఉన్న గదిలో బొమ్మంతా పాలిపోతుంది. ల్యాబ్‌ను తిట్టేముందు దాన్ని అనుమానించాలి. వెనక్కి తిప్పేటప్పుడు కూడా అది మూసే ఉండాలి.

రెండోది ఇంకా క్రూరం. ప్రిజం షట్టర్‌కు ముందుంటుంది. అందువల్ల వ్యూఫైండరులో బొమ్మ మినుకుమనదు, హాయిగా కనిపిస్తుంది. ఆ హాయికి మూల్యం ఏమిటంటే షట్టర్ మూసుకుని ఉన్నా బొమ్మ అంతే కాంతిగా కనబడుతుంది. వెనక్కి తిప్పి, షట్టర్ తెరవడం మరిచి, రెండో పాసు అద్భుతంగా నటించినవాళ్లకు ఫిల్ములో మిగిలేది మొదటి పాసే. ప్రతి షాటుకూ ముందు చేత్తో తడిమి చూసుకోవాల్సింది ఆ మీట.

మూడోది, లెన్సు వెనక జెలటిన్ ఫిల్టరు పెట్టే సన్నని గాడి. ఫిల్టరు వాడకపోయినా దాని ఖాళీ హోల్డరు అందులో ఉండాల్సిందే, లేకపోతే ఆ గాడే వెలుగు కన్నం. సెకండ్‌హ్యాండ్ కెమెరాల్లో ఈ చిన్న రేకు పోయి ఉండటం చాలా మామూలు. టరెట్‌లో, అంటే లెన్సులు బిగించే తిరుగుడు పళ్లెంలో, లెన్సు లేని కన్నాలకు కూడా మూతలు బిగించాలి. బరువైన జూమ్ లెన్సు తగిలిస్తే టరెట్ కాస్త ముందుకు వాలి ఫోకసు చెడుతుంది, దాన్ని బిగించే మీట వాడండి.

లెన్సుల దగ్గర చాలామంది డబ్బు పోగొట్టుకుంటారు. ప్రిజం గాజు మందం వల్ల 50 ఎం.ఎం. కంటే తక్కువ లెన్సులు ఆర్.ఎక్స్. గుర్తు ఉన్నవే అయ్యుండాలి. మామూలు సి-మౌంట్ లెన్సు మరలో చక్కగా ఎక్కుతుంది, అపర్చర్ పెద్దది చేయగానే బొమ్మ అంచులు మెత్తబడతాయి. 50, 75 అయితే మామూలువీ నడుస్తాయి. స్విటార్ అనే లెన్సుల్లో 10 ఎం.ఎం. ఎఫ్1.6, 25 ఎం.ఎం. ఎఫ్1.4, ఈ రెండూ ఉంటే ఈ తరహా పనికి మూడోది అక్కర్లేదు. స్విటార్ల మీద అపర్చర్ తిప్పినకొద్దీ ఎంత దూరం నుంచి ఎంత దాకా ఫోకసులో ఉంటుందో నారింజ చుక్కలు చూపిస్తాయి. కెమెరా వెనక ఎవరూ లేనప్పుడు ఆ చుక్కలే మీ ఫోకస్ పుల్లర్, అంటే ఫోకసు చూసుకునే మనిషి. 10 ఎం.ఎం.ను ఎఫ్8లో పెట్టి మీటరు దూరానికి ఫోకసు చేస్తే అరమీటరు నుంచి అనంతం దాకా అన్నీ పదునుగా ఉంటాయి, ఎటు తిరిగినా పర్వాలేదు. 25 ఎం.ఎం.ను ఎఫ్2.8లో రెండు మీటర్లకు పెడితే పదునుండేది అరమీటరు మేరే. ముందుకు వంగితే ముఖం పోతుంది. అదే దూరంలో 25తో ఫ్రేము వెడల్పు సుమారు 80 సెంటీమీటర్లు, 10తో రెండు మీటర్లు. నేల మీద టేపుతో ఈ కొలతలు గీసుకుంటే ఫ్రేము చూడకుండానే ఫ్రేములో ఉండొచ్చు.

ఫిల్ము ఎక్కించడం కష్టం కాదు. లోపలున్న కట్టరుతోనే అంచు కోసి, ఫిల్మును వంపు తిప్పే లూప్ ఫార్మర్లు మూసి, కెమెరా నడుపుతూ అందిస్తే దానంతటదే వెళ్తుంది. తర్వాత ఫార్మర్లు తెరుచుకున్నాయో లేదో కంటితో చూసి మూత పెట్టండి. మూసి ఉన్నవాటికి రాసుకుంటే చుట్ట పొడుగునా గీతలు పడతాయి. చుట్ట పగటి వెలుతురులో ఎక్కించేదే అయినా నీడలోనే ఎక్కించండి. మొదటి, చివరి కొన్ని అడుగులు ఎలాగూ పాడవుతాయి, ముఖ్యమైన షాటు అక్కడ పెట్టకండి.

కొనేటప్పుడు చూడాల్సినవి: లెన్సు తీసి ముందు నుంచి ప్రిజంలోకి టార్చి వేయండి, పసుపు మచ్చలు గానీ బుడగల్లాంటి పొరలు గానీ ఉంటే జిగురు విడిపోతున్నట్టే. వేగం 24లో పెట్టి పది సెకన్లు నడిపి కౌంటరు చూడండి, 240 దగ్గర్లో ఉండాలి. బాగా తక్కువైతే లోపలి గ్రీజు గట్టిపడింది, సర్వీసు ఖర్చు కలుపుకుని బేరమాడండి. ఫిల్ము లేకుండా పెద్ద వేగాల్లో మాత్రం నడపకండి, యంత్రానికి దెబ్బ. వెనక్కి తిప్పే హ్యాండిల్ ఉందో లేదో అడగండి. చాలా చోట్ల అది పోయి ఉంటుంది, అది లేని బోలెక్స్ ఈ పనికి సగం బోలెక్సే.

ఇతర దారులా? క్రాస్నోగోర్స్క్-3 కూడా స్ప్రింగు కెమెరానే, అద్దం షట్టర్ వల్ల వెలుగు నష్టం లేదు, కానీ ఫిల్మును వెనక్కి తిప్పే ఏర్పాటే లేదు. సూపర్-8లో క్యాట్రిడ్జి నిర్మాణం వల్ల మహా అయితే వంద ఫ్రేముల దాకా వెనక్కి, అదీ కొన్ని కెమెరాల్లోనే. ఫోనయితే మిమ్మల్ని మీకు ఎప్పటికప్పుడు చూపిస్తూనే ఉంటుంది. ముఖం దానికి తగ్గట్టు సర్దుకుంటుంది, మారాల్సిన మనిషి అద్దం ముందు నిలబడి జుట్టు దువ్వుకుంటున్నట్టు అవుతుంది. బోలెక్స్ ముందు ఆ సదుపాయం లేదు. రెండో పాసులో ఉన్న మీకు మొదటి పాసులోని మీరు కనబడరు. ఎటు చూశారో, ఎప్పుడు తల తిప్పారో సెకన్లు లెక్కపెట్టుకుని గుర్తు తెచ్చుకోవాలి. ఈ కెమెరాతో తీసిన జంట బొమ్మల్లో చూపులు కొద్దిగా తప్పిపోతుంటాయి. కొందరికి అది లోపం. మా లెక్కలో ఈ కెమెరాకు పెట్టే డబ్బంతా ఆ తప్పిపోయే చూపుకే.

కొన్న వెంటనే నలుపు తెలుపు చుట్ట ఒకటి పరీక్షకు కేటాయించండి. మొదట ఐపీసు తెరిచి పది సెకన్లు, మూసి పది సెకన్లు, కెమెరా వెనక కిటికీ ఉండేలా. తర్వాత ఒక కిటికీ చట్రాన్ని తీసి, వెనక్కి తిప్పి, మళ్లీ దాన్నే తీయండి, ఒక్కోసారి ఒక స్టాపు తగ్గించి. గీతలు ఎంత ఊగుతున్నాయో తెలుస్తుంది. తర్వాత వెల్వెట్ ముందు రెండు పాసులు, మాస్కుతో రెండు పాసులు, 48 ఫ్రేముల డిజాల్వులు మూడు. ప్రతిదానికీ మొదలైన అంకె, ఆగిన అంకె, అపర్చర్, తిప్పిన చుట్లు కాగితం మీద రాయండి. ఆ చుట్ట ల్యాబ్ నుంచి తిరిగొచ్చి, కాగితం పక్కన పెట్టుకుని చూసేదాకా రెండో చుట్ట ఎక్కించకండి.